విరామవేళ సంగీతం - ఉచితమన్న మాటకు అర్థం

సంగీత సభ అనగానే మన మనస్సుకు స్ఫురించేది సాయంకాలం. ద్వారం దగ్గర టిక్కెట్లు, ముందు వరుసలో పెద్దలు, స్వాగతోపన్యాసాలు, పూలదండలు. ఇవన్నీ ముగిసిన పిమ్మట ఏ తొమ్మిది గంటలకో పాట. మధ్యాహ్నం ఒంటిగంటకు చంకలో పుస్తకాలతో ఒక విద్యార్థి వచ్చి, పైసా చెల్లించక, ఎవరి అనుమతీ కోరక, ముప్పావుగంట సేపు శాస్త్రీయ సంగీతం విని, తిరిగి రెండు గంటల తరగతికి వెళ్ళిపోవడం మనకు వింతగా తోస్తుంది. ఇంగ్లండులో బర్మింగ్‌హామ్ విశ్వవిద్యాలయానికి చెందిన బార్బర్ లలితకళా సంస్థలో ఇది వింత కాదు, ఏళ్ళ తరబడి సాగిన అలవాటు.

ఆ సంస్థ పుట్టుక మన కళాశాల కమిటీ సభ్యులు శ్రద్ధగా పరిశీలింపదగినది. సర్ విలియం హెన్రీ బార్బర్ వృత్తిరీత్యా న్యాయవాది. బర్మింగ్‌హామ్ శివార్లలో ఇళ్ళ స్థలాల వ్యాపారం వల్ల ధనవంతుడైనాడు. ఆయన మరణానంతరం ఆయన స్మృత్యర్థం భార్య లేడీ బార్బర్ 1932లో తన సంపదను ఒక ధర్మనిధిగా ఏర్పరచి విశ్వవిద్యాలయానికి అంకితం చేసింది. (ఆమెకు తన రూపచిత్రాలు తాను వేయించుకోవడంపై మక్కువ ఎక్కువని చెప్పుకుంటారు. దాతలకు ఆ మాత్రం బలహీనత ఉంటే మనం సహించవచ్చు.) 1933లోనే ఆమె కన్నుమూసింది; 1939లో మేరీ రాణి ప్రారంభించిన ఆ భవనాన్ని ఆమె చూడలేదు. కాని ఆమె విధించిన షరతులు నిలిచినవి. కొనే చిత్రాలు లండన్ నేషనల్ గేలరీ, వాలెస్ సేకరణల స్థాయికి తగ్గరాదన్నది అందులో ఒకటి. చిత్రకళతో పాటు సంగీతానికి కూడా ఆ నిధి ఉపయోగపడవలెనన్నది మరొకటి. కనుకనే శిల్పి రాబర్ట్ అట్కిన్సన్ భవనం నడిబొడ్డున సంగీతశాలను నిలిపి, దాని చుట్టూ మేడమీద చిత్రశాలలను అమర్చినాడు. బెల్లినీ, రూబెన్స్, దెగా చిత్రాలు పైన, కింద పియానో. పాట వినడానికి వచ్చినవాడు పటం చూడక పోలేడు, పటం చూడవచ్చినవాని చెవిన పాట పడక మానదు.

చిత్రానికీ గానానికీ ఈ పొత్తు ఏమిటని ఒకరిద్దరు మిత్రులు నన్నడిగినారు. ఈ పొత్తు కొత్తది కాదు. కేంబ్రిడ్జి విశ్వవిద్యాలయానికి 1816లో ఫిట్జ్‌విలియం ప్రభువు మరణశాసనం ద్వారా సంక్రమించిన సంపదలో చిత్రపటాలతో పాటు అమూల్యమైన సంగీత లిఖిత ప్రతులు కూడా ఉన్నవి. అంతదూరం పోనేల? మన హైదరాబాదులో సాలార్‌జంగ్ మ్యూజియం వరండాలో గడియారం గంట కొట్టే వేళకు జనం గుమిగూడి కూర్చోవడం అందరం చూసినదే. చిన్న బొమ్మ బయటికి వచ్చి గంట మోగించి లోపలికి పోతుంది. మధ్యాహ్నం పన్నెండుకు జనం మరీ ఎక్కువ, పన్నెండు దెబ్బలూ వినవచ్చు గనుక. ఒక యంత్రం చేసే నాదం కోసం ఇంత ఓపికగా నిరీక్షించే ప్రజలు, అదే వేళకు అక్కడొక సారంగీ విద్వాంసుడు కూర్చుంటే లేచి పోతారని నేను నమ్మలేను.

ఇక మధ్యాహ్నపు వేళ సంగతి. దీనికి ఘనమైన పూర్వచరిత్ర 1939లోనే ఉంది. యుద్ధం రాగానే లండన్‌లో నాటకశాలలు, సంగీతశాలలు మూతపడినవి. నేషనల్ గేలరీ చిత్రాలను భద్రత కోసం వేల్స్‌కు తరలించినారు. గోడలన్నీ ఖాళీ. పియానో విదుషి మైరా హెస్ అప్పటి డైరెక్టరు కెనెత్ క్లార్క్‌ను కలిసి, ఆ ఖాళీ గదుల్లో పగటివేళ కచేరీలు చేయనిమ్మని కోరింది. అక్టోబరు 10న మొదలైన ఆ కచేరీలు సోమవారం నుండి శుక్రవారం దాకా ప్రతి వారం సాగి, 1946 ఏప్రిల్ 10న ముగిసేనాటికి 1,698కి చేరినవి. ఎనిమిది లక్షలకు పైబడి శ్రోతలు విన్నారు. బాంబులు పడే రోజుల్లో నేలమాళిగలోకి మారినారు గాని మానలేదు. నన్ను ఎక్కువగా ఆకర్షించిన విషయం మరొకటి ఉంది. జర్మనీతో యుద్ధం జరుగుతుండగా ఆమె వాయించినది బాఖ్, బీథోవెన్, బ్రామ్స్‌ల సంగీతమే. శత్రువు భాష మాట్లాడినవాడైనా సంగీతకారుడు శత్రువు కాడని ఉపన్యాసం చెప్పకుండానే చెప్పింది.

అయితే ఆ కచేరీలు ఉచితం కావు. ప్రవేశ రుసుము ఒక షిల్లింగు. విద్వాంసుడు ఎంత పేరున్నవాడైనా కాకున్నా అందరికీ ఒకే పారితోషికం. బార్బర్ సంస్థలోని విరామవేళ కచేరీలకు ఆ షిల్లింగు కూడా లేదు. ఇక్కడే నా వాదం మొదలవుతుంది. "ఉచితం" అన్నమాటను మనం తేలికగా వాడుతాం. ఉచితంగా లభించినదానికి విలువ ఉండదని కొందరు, ఉచితమైతే విద్వాంసుని కడుపు కొట్టినట్లేనని కొందరు అంటారు. రెండో మాటలో సత్యం ఉంది. శ్రోతకు ఉచితం కావచ్చు. గాయకునికి ఉచితం కారాదు. మధ్యలో ఎవరో ఒకరు వెల చెల్లించవలె. బర్మింగ్‌హామ్‌లో ఆ వెల చెల్లించినది ఒక వితంతువు ఆస్తి.

దీన్ని అర్థం చేసుకోవడానికి మన సమాజానికి ఇంగ్లండు పాఠం అవసరం లేదు. వక్ఫ్ అంటే ఏమిటి? మూలధనాన్ని కదలనీయక, దాని ఫలాన్ని దాత కోరిన ప్రయోజనానికి శాశ్వతంగా వినియోగించడం. దాత పెట్టిన షరతు శాసనంతో సమానమన్నది మన ఫిఖహ్‌లో ప్రసిద్ధ సూత్రం. మన పూర్వులు బావులకు, సరాయిలకు, మదరసాలకు, ఆసుపత్రులకు వక్ఫ్ చేసినారు. విద్యార్థి మనస్సుకు సంస్కారం ప్రసాదించే ప్రయోజనానికి ఒక చిన్న నిధి ఏర్పడితే అది ఆ సంప్రదాయానికి దూరమైనదని నేననుకోను.

సంగీతం విషయంలో మనలో భేదాభిప్రాయం ఉందని నాకు తెలియకపోలేదు. ఉలేమాలలో వాద్యాలను నిషేధించినవారున్నారు, సమాను ఆదరించిన సూఫీ పెద్దలున్నారు. ఆ చర్చను తీర్చడానికి తెలుగు బోధించే నేను అర్హుణ్ణి కాను. విరామవేళ కచేరీకి ఉన్న గొప్ప గుణమే అది: రమ్మని ఎవరూ నిర్బంధించరు, హాజరు వేయరు. అంతరాత్మ ఒప్పనివాడు గ్రంథాలయానికి పోవచ్చు. వానిని ఎవరూ వేలెత్తి చూపరాదు. కాని సంగీతం మనది కాదన్న మాట మాత్రం నేను అంగీకరించను. బడే గులాం అలీఖాన్ 1968లో తుదిశ్వాస విడిచినది హైదరాబాదు బషీర్‌బాగ్‌లో. ఒంగోలు దగ్గరి కరవదిలో పుట్టిన షేక్ చినమౌలానా నాదస్వరం పట్టి శ్రీరంగంలో స్థిరపడి, 1998లో మద్రాసు సంగీత అకాడమీ వారి సంగీత కళానిధి బిరుదు పొందినాడు. ఈ ఇద్దరి పేర్లు మన విద్యార్థులలో ఎందరికి తెలుసునని అడిగితే, నేను వినే సమాధానం మౌనం. ఉర్దూ విభాగం వారికి రెండో పేరు తెలియదు, తెలుగు విభాగం వారికి మొదటిది తెలియదు.

పరాయి దేశపు ఏర్పాటును అక్షరాలా దించుకోవడం నా ఉద్దేశం కాదు. ఉదాహరణకు బర్మింగ్‌హామ్‌లో ఆ కచేరీలు శుక్రవారం మధ్యాహ్నం ఒంటిగంట దాటగానే జరిగేవి. ఆ నగరంలో వేలాది ముస్లింలు జుమా నమాజుకు పోయే వేళ అది! ఏర్పాటు చేసినవారికి దురుద్దేశం ఉండి ఉండదు. తోచక పోయి ఉంటుంది. "అందరికీ ప్రవేశం" అని రాసిపెట్టడం ఒకటి, అందరికీ వీలైన వేళ ఎంచుకోవడం మరొకటి. మనకు తోచకపోవడానికి వీలులేదు.

కనుక కమిటీవారికి నా విన్నపం ఇది. నెలకొక గురువారం, పన్నెండున్నర మొదలు ఒంటిగంట దాకా. ఆపైన జొహర్ జమాఅత్‌కు, భోజనానికి సమయం మిగులుతుంది. వేదిక, శాలువా, అధ్యక్షోపన్యాసం వద్దు. ఒక జంఖానా చాలు. ఒక నెల హిందుస్తానీ, ఒక నెల కర్ణాటకం. ఊళ్ళోని విద్వాంసులకే మొదటి పిలుపు, అందరికీ ఒకే పారితోషికం. వార్షికోత్సవంలో షామియానాకు, మైకులకు అయ్యే ఖర్చు ఎంతో విద్యార్థి సంఘం వారికి నాకంటె బాగా తెలుసు. అందులో కొంత తగ్గించినా తొలి సంవత్సరం గడుస్తుంది. పూర్వవిద్యార్థులు పూనుకుంటే నిధి సంగతి తరువాత ఆలోచించవచ్చు. చిత్రశాల మనకు లేదు గాని, గ్రంథాలయపు హాలులో ఖుష్‌ఖతీ విద్యార్థులు రాసిన పలకలు గోడలకు తగిలించి ఉన్నవి. వీణకు, సారంగీకి ఆ హాలు సరిపోతుంది. నాదస్వరానికి మాత్రం చాలదు. ఆ నెల ఆవరణలోని వేపచెట్టు కిందనే కూర్చోవలసి ఉంటుంది.