సిలికాన్ గీకే చేతికి గ్లౌజులు ఎవరు కొనాలి?

షర్క్‌లోనో సాల్మియాలోనో అద్దాల మేడ కింద నిలబడి ఎప్పుడైనా తల ఎత్తి చూశారా? అద్దానికీ అల్యూమినియం ఫ్రేముకూ మధ్య కనిపించే నల్లటి గీతే సిలికాన్. ఏళ్ల తరబడి ఎండకు కాగి అది పట్టు వదిలితే, పాతదంతా గీకి పారేసి కొత్తది పెట్టాలి. ఆ గీకేవాళ్లలో మన కడప, రాజంపేట, కోనసీమ వాళ్లూ ఉన్నారు.

థిన్నర్ పోస్తే సిలికాన్ కరుగుతుందని చాలామంది నమ్మకం. కరగదండీ. గట్టిపడిన సిలికాన్ థిన్నర్‌కు కాస్త ఉబ్బి మెత్తబడుతుంది, అంతే. అసలు పని బ్లేడుదే. రెండు అంచుల వెంబడీ కోసి, పట్టీని ఊడలాగి, మిగిలిన పొరను ప్లాస్టిక్ స్క్రేపర్‌తో గీకాలి. ఉక్కు బ్లేడు నిలబెట్టి గీకితే పౌడర్ కోటింగ్ మీద గీతలు పడతాయి, తిట్లు మనకు. చివర మిగిలే జిడ్డుకు సిలికాన్ రిమూవర్ రాసి, డబ్బా మీద చెప్పినంతసేపు ఆగాలి. కొన్ని రకాలు అల్యూమినియాన్ని మచ్చ చేస్తాయి కాబట్టి ముందు కనపడని మూలలో రాసి చూసుకోవాలి.

ఇదంతా టైము తీసుకునే పని. ఆ టైము ఇవ్వరు. "యల్లా, యల్లా" అంటే మనవాడు బ్లేడు పక్కనపెట్టి థిన్నర్ డబ్బా ఎత్తుతాడు. గొడవంతా అక్కడే.

థిన్నర్లలో టొలూయిన్, జైలీన్ లాంటివి ఉంటాయి. ఆవిరి పీలిస్తే తలనొప్పి, వికారం, తల తిరగడం. ఉయ్యాల తొట్టిలో ఇరవయ్యో అంతస్తు దగ్గర వేలాడేవాడికి తల తిరిగితే ఏమవుతుందో నేను చెప్పాలా? మూతికి కట్టుకున్న గుడ్డ దుమ్మును కొంత ఆపుతుందేమో గానీ ఆవిరిని ఆపదు. దానికి రసాయనాల ఆవిరిని పీల్చుకునే కార్ట్రిడ్జ్ ఉన్న మాస్కే కావాలి. పని అయ్యాక చేతులు కూడా థిన్నర్‌తోనే కడుక్కుంటారు మనవాళ్లు. చర్మం పగిలేది అందుకే. ఇంకోటి, థిన్నర్‌ను నీళ్ల సీసాలో పోసి పెట్టకండి. దాహంలో ఎవరూ వాసన చూసి తాగరు.

మరి గ్లౌజులు, మాస్కు ఎవరు కొనాలి? 2010 నాటి 6వ నంబరు కార్మిక చట్టం 83వ ఆర్టికల్‌లో జవాబుంది. రక్షణ సామాను ఇవ్వాల్సింది యజమాని. దానికోసం జీతంలో ఒక్క ఫిల్స్ కూడా కోయకూడదు. పనిలో ఉన్న ప్రమాదాలేమిటో మొదలుపెట్టకముందే చెప్పాలని 84వ ఆర్టికల్ అంటుంది. ఇది 18 నంబరు వీసా వాళ్లకు. ఇంటి వీసా మీద, అంటే 20 నంబరు మీద వచ్చి బయట సైట్లలో పనిచేస్తున్న తమ్ముళ్లకు ఈ చట్టం అండ దొరకడం కష్టం. చేదుగా ఉన్నా చెప్పక తప్పదు.

"అడిగితే ఇంటికి పంపేస్తారన్నా" అంటారు. ఆ భయం ఉత్తిది కాదు. అందుకే ఒక్కడే వెళ్లి అడగొద్దంటాను. గదిలో ఉన్న నలుగురూ కలిసి, కోపం లేకుండా, ఫోర్‌మన్‌కు వాట్సాప్‌లో రాతపూర్వకంగా అడగండి. నోటిమాటకు సాక్ష్యం ఉండదు. గ్లౌజుల పేరుతో జీతం కోస్తే ఆ లెక్క దాచుకుని, మనం షూన్ అనే మ్యాన్‌పవర్ అథారిటీ దగ్గరకు పోవచ్చు.

అన్నట్టు, థిన్నర్ డబ్బా మీది లేబుల్‌ను ఫోన్‌లో ఫొటో తీసి ఉంచుకోండి. ఒంట్లో తేడా చేసి ఆస్పత్రికి వెళ్తే, ఏం పీల్చారని డాక్టరు అడుగుతాడు.