పరిహారం అడిగితే తప్పేం కాదు

ఇంటర్వ్యూకి బైక్‌ మీద వెళ్తున్నారు. వెనక నుంచి కారొచ్చి గుద్దింది. కాలు విరిగింది. కారు ఓనరు ఆసుపత్రికొచ్చి ‘ఇరవై వేలిస్తా, కేసెందుకు తమ్ముడూ’ అంటాడు. ఇంట్లోవాళ్లూ ‘ఉద్యోగం వెతుక్కునే వయసులో కోర్టుల గొడవెందుకు’ అంటారు. రాజీ కాగితం మీద సంతకం పడిపోతుంది. కొన్నాళ్లకు రెండో ఆపరేషన్‌ కావాలని డాక్టర్‌ చెబితే, ఆ ఖర్చు ఎవరు పెట్టాలి?

ఈ సంతకం వెనక ఉండేవి కొన్ని అపోహలే. మొదటిది, కేసు వేస్తే ఉద్యోగం రాదన్న భయం. మోటారు ప్రమాదాల క్లెయిమ్స్‌ ట్రైబ్యునల్‌లో మీరు వేసేది పరిహారం పిటిషన్‌. అందులో మీరు బాధితులు, నిందితులు కాదు. వెరిఫికేషన్‌ ఫారాల్లో ‘మీపై క్రిమినల్‌ కేసులున్నాయా’ అని అడిగేది దీని గురించి కాదు.

రెండోది, ‘సంపాదనే లేదు, నాకేం ఇస్తారు’ అనుకోవడం. విద్యార్థుల విషయంలో చదువును బట్టి కోర్టులు ఆదాయాన్ని అంచనా వేస్తాయి. వైకల్యం ఎంత శాతమన్నది మాత్రమే కాదు, అది సంపాదించే శక్తిని ఎంత దెబ్బతీసిందో చూడాలని సుప్రీంకోర్టు 2010లోనే చెప్పింది. కానిస్టేబుల్‌ ఉద్యోగానికి సిద్ధమవుతున్నవారికి కాలు దెబ్బతింటే ఎంత నష్టమో చెప్పాలా? అందుకే ఆసుపత్రి బిల్లులతో పాటు మార్కుల మెమోలు, హాల్‌టికెట్లు, ఆఫర్‌ లెటర్‌ కూడా దాచుకోండి.

‘పాపం, ఆయన ఎక్కడి నుంచి తెచ్చిస్తాడు’ అన్న జాలి మూడోది. ప్రతి బండికీ థర్డ్‌ పార్టీ బీమా తప్పనిసరి. పాలసీ ఉంటే సాధారణంగా చెల్లించేది బీమా కంపెనీయే. గుద్దిన బండి ఆగకుండా పోయినా దారి మూసుకుపోదు. హిట్‌ అండ్‌ రన్‌ పథకం కింద తీవ్ర గాయానికి రూ.50 వేలు, మరణిస్తే కుటుంబానికి రూ.2 లక్షలు ఇస్తారు.

దీనికి పూర్తి వ్యతిరేకమైన అపోహ కూడా ఉంది. దెబ్బ తగిలితే చాలు, లక్షలొస్తాయనుకోవడం! మీ తప్పు కొంత ఉంటే పరిహారం ఆ మేరకు తగ్గొచ్చు. మీ బండి మీరే జారి పడితే థర్డ్‌ పార్టీ బీమా మీకు పనికిరాదు. సొంత బండి నడిపేవారికి రూ.15 లక్షల వ్యక్తిగత ప్రమాద బీమా ఉండేది అందుకే. దానికి లైసెన్సు ఉండాల్సిందే.

‘తీరిగ్గా చూద్దాం’ అనుకోవడం అన్నిటికన్నా ప్రమాదం. 2022 ఏప్రిల్‌ 1 నుంచి అమల్లో ఉన్న సవరణ ప్రకారం ఆరు నెలల్లోపు పిటిషన్‌ వేయాలి. ఈ గడువుపై సుప్రీంకోర్టులో సవాళ్లున్నా ఆ ధీమాతో కూర్చోవద్దు. హైదరాబాద్‌లో ప్రమాదం జరిగినా, శ్రీకాకుళంలో నివాసముంటే అక్కడే వేసుకోవచ్చు. లాయర్‌కు డబ్బుల్లేకపోతే న్యాయ సేవల హెల్ప్‌లైన్‌ 15100కు ఫోన్‌ చేయండి. మహిళలు, ఎస్సీ, ఎస్టీలు, దివ్యాంగులు, తక్కువ ఆదాయం ఉన్నవారికి ఉచిత సాయం అందుతుంది.

రెజ్యూమె ఎలా రాయాలో కాలేజీలు నేర్పుతున్నాయి. ఈ పాఠానికీ ఒక గంట కేటాయిస్తే బాగుంటుంది. అప్పటిదాకా ఒక్కటి గుర్తుంచుకోండి: ఆసుపత్రి మంచం మీద ఏ కాగితం మీదా సంతకం చేయొద్దు.