పుస్తకం సరే, పానా ఎవరిస్తారు?

సూర్యుడి మీద పుస్తకాలకేం కొదవ లేదు. పుస్తకాల ఎగ్జిబిషన్‌కి వెళ్ళి పిల్లల అరల దగ్గర నిలబడితే రంగురంగుల అట్టలతో పలకరిస్తూనే ఉంటాయి. సూర్యుడు, గాలిమర, చెట్టు, నీటిబొట్టు. నేను తిరగేసిన వాటిలో ఒక సంగతి మాత్రం కంట్లో నలుసులా పడింది. చాలా బొమ్మల్లో మగపిల్లాడు గాలిమర బిగిస్తుంటాడు, ఆడపిల్ల మొక్కకి నీళ్ళు పోస్తుంటుంది. మొక్కకి నీళ్ళు పోయడం తప్పని నేననను. కానీ తీగలూ, నట్లూ, బోల్టులూ ఉన్న పేజీ వచ్చేసరికి ఆ పిల్ల ఎక్కడికి పోతోంది?

విలియం కామ్‌క్వాంబా కథ చదివినప్పుడు ఈ ప్రశ్న నన్ను మరీ పట్టుకుంది. ఆఫ్రికాలోని మలావీ దేశంలో ఒక పల్లెటూరి రైతు కొడుకతను. 2001-02లో అక్కడ ఘోరమైన కరువొచ్చింది. ఫీజు కట్టే దారి లేక పద్నాలుగేళ్ళ వయసులో బడి మానేశాడు. ఊరి ప్రాథమిక పాఠశాలలో ఉన్న చిన్న లైబ్రరీకి పోయి కూర్చునేవాడు. అక్కడ 'యూజింగ్ ఎనర్జీ' అనే అమెరికా పాఠ్యపుస్తకం దొరికింది. అట్ట మీద గాలిమరల వరుస. ఇంగ్లీషు అంతంత మాత్రం. బొమ్మలు చూసుకుంటూ, వాటి కింది మాటలు కూడబలుక్కుంటూ సంగతి పట్టేశాడు. విరిగిన సైకిలు, ట్రాక్టరు ఫ్యాను, మంట మీద చదును చేసిన ప్లాస్టిక్ గొట్టాలు, ఒక డైనమో. వీటితోనే గాలిమర కట్టి ఇంట్లో బల్బు వెలిగించాడు. బ్రయాన్ మీలర్‌తో కలిసి 2009లో అచ్చువేసిన 'ద బాయ్ హూ హార్నెస్డ్ ద విండ్' పుస్తకంలో ఇదంతా రాసుకున్నాడు. 2019లో సినిమా కూడా వచ్చింది.

చదువుతుంటే కళ్ళు చెమర్చాయి. కానీ ఒక మాట. విలియంకి ఆరుగురు అక్కచెల్లెళ్ళు. ఆ పుస్తకం వాళ్ళలో ఒకరి చేతిలో పడి ఉంటే ఏమయ్యేది? మలావీ సంగతి నాకెందుకు, మన ఊళ్ళే చూడండి. పాత ఇనుప సామాన్ల కోసం ఆడపిల్ల ఊరంతా తిరుగుతానంటే పంపిస్తామా? విలియంని ఊళ్ళోవాళ్ళు పిచ్చివాడన్నారు, అని వదిలేశారు. ఆడపిల్లని అలా వదిలేస్తారా? "ముందు అంట్లు తోము" అంటారు.

ఆడవాళ్ళకి ఈ విద్య అబ్బదనుకోవడానికి వీల్లేదు. మారియా తెల్కెష్ అనే ఆవిడ 1900లో హంగరీలో పుట్టి, డాక్టరేటు చేసి అమెరికా వెళ్ళింది. రెండో ప్రపంచ యుద్ధంలో సముద్రంలో చిక్కుకున్నవాళ్ళు ఉప్పునీటిని ఎండతో మంచినీరు చేసుకునే పరికరం తయారుచేసింది. 1948లో మసాచుసెట్స్‌లోని డోవర్‌లో ఎండతోనే వెచ్చబడే ఇల్లు కట్టించింది. ఇంటి నమూనా గీసింది ఎలినార్ రేమండ్, డబ్బు పెట్టింది అమీలియా పీబాడీ. ముగ్గురూ ఆడవాళ్ళే! ఎండ వేడిని ఒకరకం ఉప్పులో దాచి రాత్రికి వాడుకునే పద్ధతి అది. కొన్ని చలికాలాల తర్వాత ఆ ఉప్పు మొరాయించింది, ఏర్పాటు తీసేయాల్సి వచ్చింది. అయినా ఆవిడ ఆగలేదు, ఆ తర్వాత సోలార్ పొయ్యి చేసింది.

అంత చదువు మనకెక్కడిదంటారా? రాజస్థాన్‌లోని తిలోనియాలో బేర్‌ఫుట్ కాలేజీ ఉంది. బంకర్ రాయ్ 1972లో మొదలుపెట్టిన సంస్థ. అక్కడ అక్షరం ముక్క రాని అమ్మమ్మలూ నాయనమ్మలూ సోలార్ దీపాలు బిగించడం, బాగుచేయడం నేర్చుకున్నారు. ఆఫ్రికా పల్లెల నుంచి కూడా వచ్చి ఆరు నెలలుండి నేర్చుకుని వెళ్ళారు. భాష తెలియదు కాబట్టి తీగల రంగులూ, చేతి సైగలే పాఠాలు. పెద్దవాళ్ళనే ఎందుకంటే, కుర్రాళ్ళకి సర్టిఫికెట్ చేతికందితే పట్నం పోతారట! అమ్మమ్మ ఊళ్ళోనే ఉంటుంది. ఈ ఒక్క ఆలోచనకే ఆ సంస్థ వాళ్ళకి దండం పెట్టాలి.

ఇక మా ఇంటి సంగతి. 2024లో కేంద్రం సూర్యఘర్ పథకం పెట్టి 3 కిలోవాట్లకి 78 వేల రూపాయల సబ్సిడీ అన్నాక మావారికి ఉత్సాహమొచ్చింది. కంపెనీ అబ్బాయి వచ్చాడు. మంచినీళ్ళిచ్చి, "కరెంటు పోతే ఇది పనిచేస్తుందా బాబూ?" అని అడిగాను. అతను నావైపు చూడకుండా మావారితో, "అవన్నీ మేం చూసుకుంటాం సార్" అన్నాడు. అడిగింది నేను, జవాబు ఆయనకి! బిగించాక వాళ్ళిచ్చిన ఇంగ్లీషు పుస్తకం తొమ్మిదో తరగతి చదివే మా అమ్మాయి చదివి చెప్పింది. బ్యాటరీ లేని ఏర్పాటైతే బయట కరెంటు పోగానే మనదీ ఆగిపోతుందట. లేకపోతే, లైన్లో కరెంటు లేదు కదా అని స్తంభమెక్కిన లైన్‌మ్యాన్‌కి మన మేడ మీది కరెంటు కొడుతుంది. ఎంత సబబైన కారణం! ఇది చెప్పడానికి ఆ అబ్బాయికి ఒక్క నిమిషం పట్టేది.

దుమ్ము పడితే కరెంటు తగ్గుతుందని తెలిసి, మా అమ్మాయి పొద్దున్నే చల్లపూట బకెట్టూ గుడ్డా పట్టుకుని పైకెక్కి పలకలు తుడిచింది. పక్కింటి పిన్నిగారు చూసి, "తమ్ముణ్ణి పంపలేకపోయావుటే?" అన్నారు. ఆవిడే ప్రతి ఎండాకాలం వడియాలు పెట్టమని వాళ్ళమ్మాయిని మిట్టమధ్యాహ్నం మేడెక్కిస్తారు. గుమ్మడి వడియాలకీ, ఊరమిరపకాయలకీ, మాగాయ ముక్కలకీ ఏ పూట ఎండ కావాలో మన ఇళ్ళల్లో ఎవరికి తెలుసు? మరి అదే ఎండ గాజు పలక మీద పడేసరికి మగవాళ్ళ సొత్తెలా అయిందో!

అందుకే సూర్యుడి మీద పుస్తకాలు రాసేవాళ్ళకీ, వేసేవాళ్ళకీ, కొనేవాళ్ళకీ చెప్పాలనిపించింది. చిత్రకారిణి మాలీ బాంగ్, శాస్త్రవేత్త పెన్నీ చిజ్‌మ్ కలిసి 2009లో 'లివింగ్ సన్‌లైట్' అనే బొమ్మల పుస్తకం వేశారు. అందులో సూర్యుడే పిల్లలతో మాట్లాడతాడు. మీ ఒంట్లో వెచ్చదనం నాదే, మొక్కల ద్వారా మీకు చేరింది అన్న సంగతి చెబుతాడు. తెలుగులో ఇంత ముద్దుగా ఉన్నవి ఇంకా ఎన్ని వచ్చినా నేను కొంటాను. వాటి పక్కనే ఇంకోరకం కూడా కావాలి. పలక కింద నుంచి వచ్చే తీగ ఎక్కడికి పోతుంది, ఇన్వర్టర్ ఏం చేస్తుంది, మీటరులో మనం పంపింది ఎంతో, వాడింది ఎంతో ఎలా చదవాలి, ఏ తీగ ముట్టుకోకూడదు, ఏది మనమే బిగించుకోవచ్చు. ఇవన్నీ పెద్ద పెద్ద బొమ్మలతో, విలియం లాగా భాష సగమే వచ్చినవాళ్ళకి కూడా అర్థమయ్యేట్టు ఉండాలి.

కొన్న పుస్తకం బడి బీరువాలో తాళం వేసి పెట్టకుండా ఆడపిల్లలకీ ఇంటికివ్వండి. ఆ పిల్ల చదివి వచ్చి పానా అడిగితే, తమ్ముణ్ణి పిలవకండి.