బయలుదేరిన చోటు లెక్కలోకి రావాలి

పరీక్షా ఫలితాలు వెలువడగానే అనకాపల్లి కూడళ్లలో విద్యాసంస్థల ఫ్లెక్సీలు వెలుస్తాయి. ఫొటో, పేరు, ర్యాంకు. ఆ బిడ్డ ఎక్కడికి చేరిందో అవి చెబుతాయి. ఎక్కడి నుంచి బయలుదేరిందో చెప్పవు. ఈ సగం లెక్కకే మనం విజయమని పేరు పెట్టుకున్నాం.

మిగతా సగం తెలియాలంటే రెల్లి వాడల వైపు చూడాలి. ఉత్తరాంధ్ర పట్టణాల పారిశుధ్య భారాన్ని తరతరాలుగా మోస్తున్న కులమిది. పండ్లు, కూరగాయలు అమ్మి బతికేవారూ వీరిలో ఉన్నారు. తెల్లవారకముందే తల్లి చీపురు పట్టుకుని వెళితే, తమ్ముడికి అన్నం పెట్టి బడికి పోయే పిల్ల పదో తరగతి దాటడం ఏ ఫ్లెక్సీకీ ఎక్కదు. నా లెక్కలో ఆమె నడిచిన దూరమే ఎక్కువ. బెల్లం మార్కెట్ ఉన్న ఊరికి తూకం గురించి వేరే చెప్పాలా? కాటా ముల్లు సున్నా దగ్గర నిలవకపోతే ఎంత బరువు చూపినా అది తప్పుడు తూకమే.

పట్టుదల ఉంటే ఎవరైనా ఎదగవచ్చునని వ్యక్తిత్వ వికాస బోధకులు అంటారు. మరి చరిత్ర ఏమంటోంది? 2000 నాటి వర్గీకరణ చట్టం రెల్లి, దాని అనుబంధ కులాలకు ఒక శాతం వాటా ఇచ్చింది. 2004 నవంబరు 5న సుప్రీంకోర్టు ఆ చట్టాన్ని కొట్టివేసింది. ఉపవర్గీకరణ చెల్లుతుందని ఏడుగురు న్యాయమూర్తుల ధర్మాసనం తేల్చింది 2024 ఆగస్టు 1న. 2025 ఏప్రిల్‌లో రాష్ట్ర ఆర్డినెన్సుతో అదే ఒక శాతం తిరిగొచ్చింది. నడుమ ఇరవై ఏళ్లు! 2004లో బడిలో చేరిన పిల్లకు ఇప్పుడు పాతికేళ్లు దాటాయి. ఆమె పట్టుదలలో లోపం వెతకడం అన్యాయం.

పైగా ఒక శాతమంటే నూటికొక ఉద్యోగం. పదీ ఇరవై పోస్టుల నోటిఫికేషన్లలో ఆ వంతు ఎప్పుడొస్తుంది?

గట్టెక్కినవారి విజయానికీ ఒక మెలిక ఉంది. కులం ప్రస్తావన రాగానే మాట మార్చే విద్యార్థులను తరగతి గదుల్లో చూస్తూనే ఉంటాను. వాడను మరిచిపోవడమే ఎదుగుదల అని వారికి నేర్పింది మనమే. చదువుకున్నవారు తన ఆశ నిలబెట్టలేదని 1956 మార్చి 18న ఆగ్రా సభలో అంబేడ్కర్ ఆవేదన చెందారు. ఆ నింద వారొక్కరిదే కాదు, దాచుకుంటే తప్ప గౌరవం ఇవ్వని మా సంస్థలది కూడా.

ముందుగా ఒక పని జరగాలి. రెల్లి విద్యార్థులు ఎందరు చేరారు, ఎందరు మధ్యలో మానేశారు, ఎందుకు మానేశారు అన్న వివరాలను ప్రతి విశ్వవిద్యాలయం ఏటా ప్రకటించాలి. ర్యాంకుల ఫ్లెక్సీ పక్కనే ఆ లెక్కనూ కట్టాలి.