మన వంటశాలలో చాక్లెట్ పప్పుచెక్క

వార్షికోత్సవ సంచికకు వ్యాసం అడిగితే పూర్వ విద్యార్థులు సాధారణంగా క్రమశిక్షణ గురించో, సమయపాలన గురించో, పోటీ పరీక్షల గురించో రాస్తారు. అవి రాసేవాళ్ళు ఎలాగూ ఉంటారు కాబట్టి నేను తినే వస్తువు గురించి రాస్తున్నాను. అడుగున బిస్కెట్టు, దాని మీద సాగే బెల్లం పాకంలో వేరుశనగ గుళ్ళూ జీడిపప్పూ, పైన చాక్లెట్ పూత. ఇది చీపురుపల్లి హాస్టల్ వంటశాలలో, మన చేతులతో, చలికాలం నెలకొకసారి తయారు కావాలన్నది నా అభిప్రాయం. నవ్వేవాళ్ళు నవ్వేసి తర్వాత చదవండి.

తమ్ముళ్ళూ, చెల్లెళ్ళూ, హాస్టల్లో ఉన్నవాళ్ళకు ఈ సంగతి విడమరచి చెప్పనక్కర్లేదు. ఆదివారం అమ్మానాన్నా వచ్చి వెళ్ళిన గుంటడి ట్రంకుపెట్టెలో ఒక చాక్లెట్ ఉంటుంది. వాడు మూత సగం తెరిచి, తల లోపలికి పెట్టి తింటాడు. వాడిని తప్పుపట్టలేం. గదిలో అందరికీ పంచితే వాడికి మిగిలేది గోరంత. ఎవరూ రాని గుంటడు పక్కన పుస్తకం తెరుచుకుని కూర్చుంటాడు గాని చెవి మాత్రం ఆ కాగితం చప్పుడు మీదే ఉంటుంది. ఒకే రకం కంచం, ఒకే రకం దుప్పటి ఇచ్చి మనందరినీ ఒక వరసలో కూర్చోబెట్టిన చోట, ఆ చప్పుడు దగ్గర మళ్ళీ రెండు వరసలవుతాం. నా చదువంతా ఇలాంటి వసతి గృహాల్లోనే సాగింది. మా ఇంట్లో డిగ్రీ పట్టా పట్టుకున్న మొదటివాణ్ణి నేనే. పట్టా వచ్చాక చాలా సంగతులు మరిచిపోయాను గాని ఆ కాగితం చప్పుడు మరిచిపోలేదు.

తీపి బడి పిల్లల పళ్ళెంలోకి రావడం మన రాష్ట్రంలో కొత్త కాదు. 2020 జనవరిలో మధ్యాహ్న భోజనం మెనూ మార్చినప్పుడు వారానికి మూడు రోజులు వేరుశనగ చిక్కీ చేర్చారు. 2023 మార్చి నుంచి మిగిలిన మూడు రోజులు రాగిజావ వచ్చింది. అది మన ఇళ్ళలో చోడి అంబలికి చుట్టమే. రక్తహీనత తగ్గాలి, ఇనుము అందాలి అన్నారు. మంచిదే. అయితే ప్యాకెట్‌లో వచ్చే చిక్కీని ఎవరు, ఎప్పుడు, ఏ బెల్లంతో చేశారో తినేవాడికి తెలియదు. ఒకసారి కరకరలాడుతుంది, ఒకసారి మెత్తబడి కాగితానికి అంటుకుపోతుంది. మందులాగ పంచితే మందులాగే తింటారు. తీపి అనేది కాస్త సంబరంగా కూడా ఉండాలి కదా.

అంగడిలో దొరికే స్నికర్స్ 1930లో అమెరికాలో పుట్టింది. అందులో ఉన్నవి వేరుశనగ, పంచదార పాకం, మెత్తటి నూగా, చాక్లెట్. బిస్కెట్టు మీద పాకం పోసి చాక్లెట్‌లో ముంచితే ట్విక్స్. ఫైవ్ స్టార్ 1969 నుంచి మన దేశంలోనే ఉంది. పేర్లు విని ఇవేవో మనకు అందని వస్తువులనుకుంటాం. ఒక్కసారి మన స్టేషన్ నుంచి రైలు పట్టాల వెంట చూడండి. హౌరా, చెన్నై లైనులో పైకి వెళితే పలాస, జీడిపప్పు ఊరు. కిందికి వెళితే అనకాపల్లి, బెల్లం మార్కెట్టు. 1913 నుంచి అక్కడ చెరకు పరిశోధన కేంద్రం కూడా ఉంది. అదే లైనులో ఇంకా దిగితే గోదావరి దాటాక ఏలూరు వైపు కొబ్బరి తోటల్లో, పామాయిల్ తోటల్లో అంతర పంటగా కోకో. దేశంలో కోకో పంటకు పెద్ద రాష్ట్రం మనదే. వేరుశనగ మన మెట్ట పొలాల్లోనే పండుతుంది. అంటే ఈ మిఠాయిలో ఉన్నవన్నీ ఒకే రైలు దారిలో ఉన్నాయి.

ఇక సాగే పాకం సంగతి. దీనికి మనకు వేరే భాష నుంచి పేరు అరువు తెచ్చుకోవలసిన పని లేదు. అమ్మవారి జాతరలో కొనుక్కునే జీళ్ళు దీనికి పెద్దన్నలు. పాకాన్ని మేకుకు తగిలించి లాగి, మడిచి, మళ్ళీ లాగి చేస్తారు. ఎవరైనా మాట తెమల్చకపోతే జీడిపాకం సాగదీశాడంటాం చూడండి, అదే. (జీళ్ళలో జీడిపప్పు ఉండదు. చిన్నప్పుడు దానికోసం చాలా వెతికాను.)

నూరుమందికి తలా పాతిక గ్రాముల ముక్క రావాలంటే కిలో వేరుశనగ గుళ్ళు, ముప్పావు కిలో బెల్లం, నూటయాభై గ్రాముల జీడిపప్పు ముక్కలు, మూడు వందల గ్రాముల గ్లూకోజ్ బిస్కెట్లు, నూరు గ్రాముల నెయ్యి, నాలుగు వందల గ్రాముల చాక్లెట్ సరిపోతాయి. గుళ్ళలో నల్లబడ్డవి, బూజు పట్టినవి ముందే ఏరి పారెయ్యాలి. ఆ బూజులో అఫ్లాటాక్సిన్ అనే విషం ఉంటుంది, వేయించినా పూర్తిగా పోదు. వేరుశనగ పడని పిల్లలెవరైనా ఉన్నారేమో కూడా ముందే అడగాలి. బెల్లం తెల్లగా మెరిసేది కొనకండి. ఆ మెరుపు కోసం హైడ్రోస్ కలుపుతారని అనకాపల్లి వైపు ఎవరిని అడిగినా చెబుతారు. ముదురు రంగు బెల్లానికే వాసన, రుచి.

పాకం చుక్కను చన్నీళ్ళలో వేసి చూడాలి. మెత్తటి ఉండ కడితే ఇంకా లేత, అది 115 డిగ్రీల ప్రాంతం. టక్కున విరిగితే అది 150 దగ్గరికి వచ్చిన పప్పుచెక్క పాకం, మనకు ముదిరిపోయినట్టే. ఉండ గట్టిపడి, నొక్కితే లొంగి, లాగితే సాగాలి. 120 ప్రాంతంలో అది వస్తుంది. దొరల కారామెల్‌లో పాలమీగడ పోస్తారు, కాని వాళ్ళు వాడేది పంచదార. మరిగే బెల్లంలో పాలు పోస్తే విరిగిపోతాయని పాయసం వండిన ప్రతి అమ్మకూ తెలుసు. మనం పాలు మానేసి, దించే ముందు నెయ్యీ నాలుగు నిమ్మచుక్కలూ వేస్తే చాలు. నిమ్మ వల్ల పాకం ఇసకలా గడ్డకట్టదు. అందులో గుళ్ళూ జీడిపప్పూ కలిపి, నెయ్యి రాసిన పళ్ళెంలో ఒత్తిపెట్టిన బిస్కెట్టు పొడి మీద పరిచెయ్యాలి.

చాక్లెట్‌ను మాత్రం నేరుగా పొయ్యి మీద పెట్టకూడదు. వేడినీళ్ళ గిన్నె మీద ఇంకో గిన్నె పెట్టి కరిగించాలి. అందులో ఒక్క నీటిచుక్క పడ్డా ముద్దలా బిగుసుకుపోతుంది. కోకో వెన్న 34 డిగ్రీల దగ్గర కరుగుతుంది కాబట్టి మన మే నెలలో ఈ పని పెట్టుకుంటే చాక్లెట్ పులుసవుతుంది. డిసెంబరు, జనవరి రాత్రుల్లో ఫ్రిజ్ లేకపోయినా గట్టిపడుతుంది. మర్నాటికి పైన తెల్లటి పొర కనిపిస్తే చెడిపోయిందనుకోకండి, అది పైకి తేలిన కోకో వెన్న. ఈ పూత సోకు కోసం కాదు. బెల్లం గాలిలోని చెమ్మ పీల్చి కారిపోకుండా అది కాస్తుంది. కొనేటప్పుడు వెనకవైపు పదార్థాల జాబితా చదవండి. కోకో వెన్న బదులు వనస్పతి కొవ్వు అని ఉంటే అది చాక్లెట్ రంగు పూసిన డాల్డా.

ఖర్చు ఎక్కువ కదా అనే వార్డెన్ గారికి ఒక మాట. పలాసలో జీడిపప్పును గ్రేడులుగా వేరుచేస్తారు. డబ్ల్యూ 320 అంటే ఒక పౌనుకు దాదాపు 320 గుండు పప్పులు. గుండు తక్కువైతే బద్ద, ఆ తర్వాత ముక్క. ధర దిగుతుంది గాని రుచి దిగదు. పాకంలో కలిపేదానికి ముక్కే నయం. ఆ ముక్క వెనక చేతులున్నాయని కూడా గుర్తుంచుకుందాం. జీడిగింజ తొక్కలోని నూనె చర్మాన్ని కాలుస్తుంది. వలిచే ఆడవాళ్ళు చేతులకు బూడిదో నూనెో రాసుకుని పనిచేస్తారు, అయినా వేళ్ళు నల్లబడతాయి. కోకో రైతుది ఇంకో రకం బాధ. 2024 డిసెంబరులో ప్రపంచ మార్కెట్లో టన్ను 12 వేల డాలర్లు దాటింది. 2025లో ధర పడిపోయి గోదావరి జిల్లాల రైతులు ఆందోళనకు దిగితే ప్రభుత్వం కిలోకు 50 రూపాయలు కలిపి 500 అందేలా చూడవలసి వచ్చింది. ప్రపంచపు కోకోలో సగానికి పైగా పండించే ఐవరీ కోస్ట్, ఘనా దేశాల్లో 15 లక్షల మందికి పైగా పిల్లలు కోకో పనుల్లో ఉన్నారని 2020లో చికాగో విశ్వవిద్యాలయానికి చెందిన సంస్థ లెక్కగట్టింది. వాళ్ళది మీ వయసే. అందుకే దొరికితే గోదావరి గింజతో చేసిన చాక్లెట్టే కొందాం అంటాను.

ముందు అన్నం ఉడికేలా, పప్పు చిక్కగా ఉండేలా చూడండి, చాక్లెట్ తర్వాత అని నా మిత్రుడొకడు అన్నాడు. అది న్యాయమైన మాటే, కాదనను. పప్పు నీళ్ళైన రోజు ఈ మిఠాయి పెట్టి నోరు మూయించే పనైతే నేనే వద్దంటాను. కాని పేద పిల్లలకు ఆకలి మాత్రమే ఉంటుంది, నాలుక ఉండదు అన్నట్టు మాట్లాడితే ఒప్పుకోను. కడుపు నిండాక కూడా ఒకటి తినాలనిపించడం ఊళ్ళో అందరి పిల్లలకూ ఉన్నదే. పిల్లలచేత వంటపని చేయిస్తారా అని ఇంకొకరు అడిగారు. రోజూ గిన్నెలు తోమించడం వేరు, ఇష్టమున్నవాళ్ళు నెలకొక సాయంత్రం పప్పు ఏరడం వేరు. మరిగే పాకం దగ్గర మాత్రం వంటమనిషి తప్ప ఎవరూ నిలబడకూడదు.

ముక్కలు కోసేటప్పుడు స్కేలు పెట్టి కొయ్యండి. లెక్కలో కామాటినీ వాచ్‌మెన్‌నూ వంటమ్మనూ కలపండి. మొదటి పంపకం ఇళ్ళ నుంచి ఎవరూ రాని ఆదివారం పెట్టుకోండి. ఇంకొకటి, గుళ్ళు పొట్టు తీసే పని ఆరో తరగతి వాళ్ళకు అప్పగించేటట్లయితే కిలోకు బదులు కిలోన్నర తెప్పించండి.