ఇంటి చీలిక, ఎదుటివారి గెలుపు



ఓటమి ఎల్లప్పుడూ ఎదుటివారి బలం వల్లనే కలుగదు. ఒక్కొక్కసారి అది మన ఇంటిలోనే పుడుతుంది. 1912లో జరిగిన అమెరికా అధ్యక్ష ఎన్నిక ఇందుకు నిదర్శనం.

రిపబ్లికన్ పార్టీకి చెందిన థియోడర్ రూజ్‌వెల్ట్, విలియం టాఫ్ట్ ఆప్తమిత్రులు. 1908లో పదవి వీడబోతూ రూజ్‌వెల్ట్ తన వారసునిగా టాఫ్ట్‌నే నిలబెట్టాడు. కొంతకాలానికి వారి మధ్య భేదాలు పొడసూపాయి. రూజ్‌వెల్ట్‌కు సన్నిహితుడైన అటవీ శాఖాధిపతి పించాట్‌ను టాఫ్ట్ 1910లో తొలగించాడు. మరుసటి సంవత్సరం ఒక ఉక్కు సంస్థపై టాఫ్ట్ ప్రభుత్వం వేసిన దావా, పూర్వం ఆ సంస్థ చేతిలో రూజ్‌వెల్ట్ మోసపోయాడని సూచించింది. ఆయన అభిమానం తీవ్రంగా దెబ్బతిన్నది.

1912లో రూజ్‌వెల్ట్ తిరిగి బరిలోకి దిగాడు. పార్టీ ప్రాథమిక ఎన్నికలు జరిగిన రాష్ట్రాలలో అధిక భాగం, టాఫ్ట్ స్వరాష్ట్రమైన ఒహాయోతో సహా, ఆయనవే అయ్యాయి. అయినా షికాగో మహాసభలో వివాదాస్పద స్థానాలలో అత్యధికం టాఫ్ట్ వర్గానికే దక్కాయి. ఆగ్రహించిన రూజ్‌వెల్ట్ ప్రోగ్రెసివ్ పార్టీని స్థాపించి పోటీ చేశాడు.

ఫలితం చూడండి. రూజ్‌వెల్ట్‌కు సుమారు 41 లక్షల ఓట్లు, టాఫ్ట్‌కు 35 లక్షలు వచ్చాయి. రెండూ కలిపితే సగానికి పైమాటే. డెమోక్రాట్ అభ్యర్థి వుడ్రో విల్సన్‌కు వచ్చినవి 63 లక్షలు. 1908లో ఓడిన డెమోక్రాట్ అభ్యర్థి బ్రయాన్‌కు వచ్చిన ఓట్ల కంటె ఇవి తక్కువ! అయితే రాష్ట్రంలో అధిక ఓట్లు పొందినవారికే అక్కడి ఎలక్టోరల్ ఓట్లు దక్కడం అక్కడి సంప్రదాయం. కనుక 531లో 435 విల్సన్‌వే అయ్యాయి. రూజ్‌వెల్ట్‌కు 88, అధికారంలో ఉన్న టాఫ్ట్‌కు కేవలం 8 మిగిలాయి. రూజ్‌వెల్ట్ ఓట్లన్నీ టాఫ్ట్‌కే పడేవని చెప్పలేము. కాని చీలిక లేకుంటే విల్సన్ మార్గం ఇంత సుగమమయ్యేది కాదు.

వారిద్దరి భేదాలలో న్యాయమైన ప్రశ్నలు లేకపోలేదు. వాటికి అహం తోడవడమే అనర్థమైంది.

1918 మే నెలలో షికాగోలోని ఒక హోటలులో రూజ్‌వెల్ట్ భోజనం చేస్తున్నాడని తెలిసి టాఫ్ట్ తానే ఆయన బల్ల వద్దకు నడిచి వెళ్ళాడు. ఇద్దరూ ఆత్మీయంగా చేతులు కలిపారు. చూసినవారు కరతాళధ్వనులు చేశారు. ఎనిమిది నెలలు నిండకముందే రూజ్‌వెల్ట్ కన్నుమూశాడు. సమాధి వద్ద టాఫ్ట్ కన్నీరు పెట్టుకున్నాడు.

హోటలులో ఆయన నడిచినవి కొన్ని అడుగులే. వాటిని వేయడానికి ఆరు సంవత్సరాలు పట్టింది. పాఠకులారా, మన ఇళ్ళలో అటువంటి అడుగు ఎవరు ముందు వేయాలో ఆలోచించండి.