పెట్టె ఒకటే, వేషాలు రెండు

పిల్లలూ! నింటెండో కంపెనీ 1990లో జపానులో విడుదల చేసిన ఆటయంత్రాన్ని, 2017లో అరచేతిలో ఇమిడేంత చేసి, 21 ఆటలతో అమ్మింది. దానిమీద కొందరు సెగా కంపెనీవారి మెగా డ్రైవ్ ఆటలు కూడా ఆడించారు! ఆ రెండు యంత్రాల భాషలు వేరు గదా, ఎలా సాధ్యమైంది?

ఆ బుల్లి పెట్టెలో పాత యంత్రం లేనే లేదు. ఉన్నది చిన్న కంప్యూటరు. ఎమ్యులేటర్ అనే ప్రోగ్రాము పాత యంత్రపు ఆజ్ఞలను ఒక్కొక్కటిగా చదివి, అచ్చం దానిలాగే నడుచుకుంటుంది. ఒక్క ఆజ్ఞకు ఎన్నో పనులు చేయాలి కనుక, కొత్త కంప్యూటరుకు పాతదానికన్న ఎంతో వేగం కావాలి. పగటివేషగాడు నిన్న రాముడు, నేడు రావణుడు అయినట్లే, ఎమ్యులేటర్ మారిస్తే పెట్టె వేషం మారుతుంది.

పాత యంత్రాలు పాడైనా ఆటలు బతికేది ఇలాగే. అయితే ఒక మాట. ఆట కూడా పుస్తకంవంటిదే. హక్కుదారుల అనుమతి లేకుండా నకలు తీయరాదు.